హేద్ విన్ మీద 12 నిమిషాల డాక్యుమెంటరీ: ప్రాజెక్టు డైరీ

ప్రస్తుత స్థితి: రఫ్ కట్ (తొలి కూర్పు) అయింది, పిక్చర్ లాక్ (దృశ్యాల కూర్పు ఖరారు) కాలేదు. కవితల రికార్డింగ్ పూర్తయింది. రెండు ఆర్కైవ్ ఫొటోల అనుమతి రావాలి. కలర్, చివరి మిక్స్, తెలుగు సబ్‌టైటిళ్లు మిగిలాయి.

విషయం తెలియనివారి కోసం. హేద్ విన్ అసలు పేరు ఎల్లిస్ హంఫ్రీ ఎవాన్స్. 1887 జనవరి 13న ఉత్తర వేల్స్‌లోని త్రౌస్‌వనిద్‌లో పుట్టారు. ఊరి పక్కనే అర్ అస్‌గుర్న్ అనే కొండ పొలంలో పెరిగారు. తమ్ముడు సైన్యంలోకి వెళ్లాల్సి రావడంతో బదులుగా తానే 1917 మొదట్లో చేరి, అదే ఏడాది జులై 31న బెల్జియంలోని పిల్కెమ్ గట్టు మీద చనిపోయారు. అప్పటికి 30 ఏళ్లు. ఐదు వారాల తర్వాత, సెప్టెంబర్ 6న, బర్కెన్‌హెడ్‌లో జరిగిన జాతీయ ఐస్తెద్వోద్‌లో, అంటే వెల్ష్ కవితోత్సవంలో, మొదటి బహుమతి అయిన కుర్చీ ఆయన కవితకు దక్కింది. వేదిక మీద ఆయన పోటీకి పెట్టుకున్న కలం పేరు ‘ఫ్లర్ ద లీ’ పిలిస్తే లేచేవాళ్లు లేరు. కుర్చీ మీద నల్లగుడ్డ కప్పారు.

స్క్రిప్టు

ఈ కథకు ఉన్న చిక్కే అది: ఆ కుర్చీ. ఖాళీ కుర్చీతో మొదలై ఖాళీ కుర్చీతో ముగిసే స్క్రిప్టు ఎవరైనా ఒక పూటలో రాసేయగలరు. చూసినవాళ్లకు కుర్చీ గుర్తుంటుంది, ఒక్క కవితా పాదం కూడా చెవిన పడదు. అందుకే స్క్రిప్టుకు రెండు షరతులు పెట్టుకున్నాం. ఒకటి, 12 నిమిషాల్లో కనీసం మూడున్నర నిమిషాలు కవితే వినపడాలి, దాని మీద వ్యాఖ్యానం ఉండకూడదు. రెండు, 8వ నిమిషం దాకా కుర్చీ తెర మీదకు రాకూడదు.

దాని ప్రకారం టైమ్‌లైన్ ఇలా తేలింది. మొదటి నిమిషం ‘రవెల్’ అనే కవిత, అంటే ‘యుద్ధం’. 12 పాదాలు, నింపాదిగా చదివితే 50 సెకన్ల లోపే. ఆ తర్వాత మూడు నిమిషాలు పొలం, ఊరు, అంతకుముందు స్థానిక పోటీల్లో గెలిచిన కుర్చీలు (మొదటిది 1907లో బాలాలో). 4 నుంచి 6:30 వరకు లివర్‌పూల్ దగ్గరి లిథర్‌లాండ్ శిక్షణ శిబిరం, వ్యవసాయ పనుల సెలవు, ఆ సెలవులో ‘అర్ అరూర్’ (వీరుడు) అనే దీర్ఘకవిత రాయడం, ఫ్రాన్స్‌లోని ఫ్లెషాన్ నుంచి దాన్ని పోటీకి పంపడం. తర్వాత నిమిషంన్నర పిల్కెమ్. రెండు నిమిషాలు బర్కెన్‌హెడ్. చివరి రెండు నిమిషాలు ‘అర్ అరూర్’ నుంచి ఒక ఖండిక.

నటులతో పునర్నిర్మాణ దృశ్యాలు పెట్టడం లేదు. ఈ కవి మీద 1992లో వచ్చిన వెల్ష్ ఫీచర్ సినిమా ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. చిన్న బడ్జెట్‌లో అద్దెకు తెచ్చిన యూనిఫారాలు దాని పక్కన నిలబడవు.

హక్కుల సంగతి మొదట్లోనే తేల్చుకోవాలి. కవి 1917లో చనిపోయారు కనుక మూల కవితలకు కాపీరైట్ ఎప్పుడో ముగిసింది. ఆయన మరణానంతరం 1918లో వచ్చిన సంకలనం నుంచి నేరుగా తీసుకోవచ్చు. ఇంగ్లిష్ అనువాదాల్లో చాలావాటికి మాత్రం ఇంకా కాపీరైట్ ఉంది. నాలుగు పాదాలైనా సబ్‌టైటిల్‌లో వాడితే అనుమతి అడగాల్సిందే. అందుకే తెలుగు, ఇంగ్లిష్ సబ్‌టైటిళ్లు రెండూ మూలం నుంచి కొత్తగా చేయిస్తున్నాం. ఖర్చు ఎక్కువే అయినా ఉత్తరాల రాకపోకల కంటే త్వరగా తెమిలే పని.

ఆర్కైవ్

ఆయన ఫొటోలు చాలా తక్కువ. ఒకే ముఖచిత్రం మళ్లీ మళ్లీ వాడాల్సి వస్తుంది, కాబట్టి స్కాన్ బాగుండాలి. 4కె ఫ్రేము వెడల్పు 3840 పిక్సెళ్లు. అందులో ఒకటిన్నర రెట్లు జూమ్ చేయాలంటే 5760 కావాలి. పోస్టుకార్డు సైజు ఫొటో పొడవు వైపు ఐదున్నర అంగుళాలు అనుకుంటే 1200 డీపీఐ దగ్గర 6600 పిక్సెళ్లు వస్తాయి, సరిపోతుంది. 600 డీపీఐ స్కాన్ పంపితే జూమ్ పనికిరాదు. అడిగేటప్పుడే డీపీఐ రాయాలి, లేకపోతే వెబ్ కోసం చేసిన జేపెగ్ పంపి ఊరుకుంటారు.

వేల్స్ జాతీయ గ్రంథాలయం 1804 నుంచి 1919 వరకు వచ్చిన వార్తాపత్రికలను ఉచితంగా ఆన్‌లైన్‌లో పెట్టింది. 1917 సెప్టెంబర్ రెండో వారం సంచికలు అన్నీ చూడటం అవసరం. అక్కడ ఓసీఆర్ (అచ్చును కంప్యూటర్ చదివి అక్షరాలుగా మార్చే పద్ధతి) మీద ఆధారపడి వెతికితే సగం దొరకదు. పాత అచ్చులోని వెల్ష్ జంటాక్షరాలను అది తప్పుగా చదువుతుంది. కవి పేరుతో కాకుండా ఊరి పేరుతోనూ, కలం పేరు ‘ఫ్లర్ ద లీ’తోనూ విడివిడిగా వెతికి, ఆ తర్వాత తేదీ పట్టుకుని పేజీలు తిప్పాలి.

యుద్ధం ఫొటోల దగ్గరే ఎక్కువ డాక్యుమెంటరీలు దారి తప్పుతాయి. పాషెన్‌డేల్ (పిల్కెమ్ దాడితో మొదలై నెలల పాటు సాగిన యుద్ధం) అనగానే అందరూ తీసేది బురద సముద్రం, మోడు చెట్లు, చెక్కబాట మీద నడిచే సైనికులు. ఆ ప్రసిద్ధ చిత్రాల్లో చాలావరకు 1917 అక్టోబర్ నాటివి. హేద్ విన్ పోయింది మొదటి రోజు. దాడి తెల్లవారుజామున 3:50కి మొదలైంది, ఆయనకు దెబ్బ తగిలింది ఆ ఉదయమే; వాన పట్టుకున్నది మధ్యాహ్నం తర్వాత. కాబట్టి ఆయన మరణం మీద వాన కురిపిస్తే తప్పు, అక్టోబర్ బురద వేస్తే ఇంకా పెద్ద తప్పు. మేం ఎంచుకున్నది జాన్ వార్విక్ బ్రూక్ ఆగస్టు 1న బూజింగె దగ్గర తీసిన ఫొటో: మోకాలి లోతు బురదలో స్ట్రెచర్ మోస్తున్న సైనికులు. మరుసటి రోజుదే, అదే రంగం. దాన్ని మరణ ప్రస్తావన తర్వాత, తేదీ తెర మీద వేసి చూపిస్తున్నాం.

కదిలే బొమ్మలకు అందరూ 1916 నాటి సోమ్ యుద్ధ చిత్రాన్నే వాడతారు. అది వేరే యుద్ధం, అంతకుముందు ఏడాది. అందులో కందకం పైకి ఎక్కే ప్రసిద్ధ దృశ్యం కెమెరా కోసం తీసిందని నిపుణులు ఎప్పుడో తేల్చారు. దాని జోలికి పోలేదు.

ఇల్లు, కుర్చీ

అర్ అస్‌గుర్న్ ఇప్పుడు ఎరురి (స్నోడోనియా) జాతీయ ఉద్యానవనం అధికార సంస్థ చేతిలో ఉంది. 2012లో కొన్నారు, పునరుద్ధరణ తర్వాత 2017లో తెరిచారు. అంతకుముందు దశాబ్దాల పాటు వచ్చినవాళ్లకు ఇల్లు తిప్పి చూపించింది కవి చెల్లెలి కొడుకు జెరాల్డ్ విలియమ్స్. 2021లో కాలం చేశారు. కుర్చీ ఉన్న ఈ ఇంట్లో గదులు చిన్నవి, చీకటి, కప్పు తక్కువ ఎత్తు. 35 ఎంఎం లెన్స్ కంటే వెడల్పుది వేస్తే కుర్చీ కాళ్లు సాగిపోయినట్టు కనిపిస్తాయి. గదిలో వెనక్కి జరగడానికి చోటు ఉండదు కనుక మొత్తం కుర్చీ ఒకే షాట్‌లో పట్టాలనే ఆశ వదులుకుని, ముక్కలుగా తీయడం మేలు.

మ్యూజియం వస్తువులకు వాడుకలో ఉన్న వెలుతురు పరిమితులు: కాగితం, గుడ్డలకు 50 లక్స్, చెక్కకు 200 వరకు. లక్స్ మీటరు జేబులో ఉండాలి. సెకనుకు 25 ఫ్రేములు, షటర్ 50లో ఒక వంతు, ఎఫ్ 2.8 పెట్టుకుంటే 200 లక్స్‌కు ఐఎస్‌ఓ 500 సరిపోతుంది. 50 లక్స్‌కు 2000 కావాలి. ఇప్పటి కెమెరాలకు ఇది సమస్యే కాదు; సమస్య ఎక్కడంటే, వెలుతురు చాలడం లేదని ఎవరో ఒకరు ఇంకో లైటు వెలిగిస్తారు. షాట్‌కు ముందు మీటరు చూపించి, అంకెను క్లాప్ షీట్‌లో రాసుకుంటే గొడవ ఉండదు.

కుర్చీ చెక్కినది యూజీన్ వాన్‌ఫ్లెటరెన్, బెల్జియంలోని మెహెలెన్ నుంచి యుద్ధం తరిమితే వచ్చిన శరణార్థి. కవి చనిపోయిన దేశం నుంచి వచ్చిన మనిషి చేతిపని అది. దీన్ని వ్యాఖ్యానంలో ఒక్క వాక్యంతో చెప్పి వదిలేశాం, సాగదీస్తే చెడుతుంది.

ముదురు ఓక్ చెక్క మీద పాలిష్ ఉంటుంది. ఎదురుగా లైటు పెడితే చెక్కడమంతా మెరుపులో మునిగిపోతుంది. లైటుకు ఒక పోలరైజర్, లెన్స్‌కు ఒకటి పెట్టి అడ్డంగా తిప్పితే మెరుపు పూర్తిగా పోతుంది, దాంతోపాటు లోతు కూడా పోయి అట్టముక్కలా తయారవుతుంది. పని చేసిన పద్ధతి: ఒకే ఎల్‌ఈడీ ప్యానెల్, ముందు తెల్లటి డిఫ్యూజన్, రెండున్నర మీటర్ల దూరం, కుర్చీ వీపుకు 15-20 డిగ్రీల కోణంలో పక్క నుంచి. లెన్స్ మీద మాత్రం పోలరైజర్ సగం తిప్పి ఉంచాలి. అది ఒకటి నుంచి రెండు స్టాపుల వెలుతురు తింటుంది, ఐఎస్‌ఓ ఆ మేరకు పెంచుకోవాలి. చెక్కడం నీడలు అప్పుడు నిలబడతాయి.

కలర్‌లో మరో హెచ్చరిక. ‘నల్ల కుర్చీ’ అన్న పేరు విని రంగు సరిదిద్దేవాళ్లు దాన్ని నిజంగానే నల్లగా లాగేస్తారు. నలుపు కప్పిన గుడ్డది, చెక్కది ముదురు గోధుమ రంగు. స్కోప్‌లో (వెలుతురు స్థాయి చూపే గ్రాఫ్) చెక్క నీడలు 8-10 శాతం కిందికి దిగకూడదని నోట్ పెట్టాం.

బయటి షాట్లు. ఊరికి పడమర వైపు కెమెరా తిప్పితే పెద్ద చెరువు కనిపిస్తుంది, ఎంతో అందంగా ఉంటుంది, వాడకూడదు. అది 1920లలో మెంత్‌రోగ్ జలవిద్యుత్ కేంద్రం కోసం కట్టినది. కవి దాన్ని చూడలేదు. దాని ఒడ్డున ఉన్న పాత అణు విద్యుత్ కేంద్రం మరీ తర్వాతిది, 1965లో మొదలై 1991లో ఆగిపోయింది. కవి జీవితం చెబుతున్న షాట్లన్నీ తూర్పు కొండల వైపే. కెమెరా ఉన్న డ్రోన్ 100 గ్రాములు, ఆపైన ఉంటే (2026 నుంచి) ఫ్లయర్ ఐడీ, ఆపరేటర్ ఐడీ రెండూ ఉండాలి, 120 మీటర్లు మించి ఎగరరాదు, పైకి లేపే చోటు ఎవరి పొలమో వాళ్లను అడగాలి. బ్రిటన్ ఐడీ బెల్జియంలో చెల్లదు; అక్కడికి యూరోపియన్ యూనియన్ రిజిస్ట్రేషన్ వేరే.

ఈ ప్రాంతంలో సైనిక జెట్లు కొండల మధ్య కిందికి దిగి ఎగురుతాయి, ముఖ్యంగా పనిదినాల్లో. గాలి, గొర్రెలు, వాగు లాంటి సహజ శబ్దాలు వారాంతంలో రికార్డు చేసుకుంటేనే వాడుకోదగ్గవి దొరుకుతాయి. ఊళ్లోని విగ్రహం (1923లో కవి తల్లి ఆవిష్కరించారు) యూనిఫారంలో కాక గొర్రెల కాపరి వేషంలో ఉంటుంది. వ్యాఖ్యానంలో ‘సైనిక కవి’ అన్న మాట వచ్చేచోట ఆ షాట్ పెట్టొద్దు.

బెల్జియం

పిల్కెమ్ ‘గట్టు’ అంటే మన కొండలను ఊహించుకోవద్దు. చదునైన పొలాల మధ్య కాస్త ఎత్తు, అంతే. మామూలు లెన్స్‌తో అసలు కనపడదు. నేలకు దగ్గరగా కెమెరా పెట్టి 200 ఎంఎం లెన్స్‌తో పక్క నుంచి తీస్తే వాలు తెలుస్తుంది. జులై చివర మొక్కజొన్న మనిషి ఎత్తు దాటి అడ్డొస్తుంది. బంగాళాదుంప వేసిన పొలం వెతుక్కోవాలి, లేదా వసంతంలో వెళ్లాలి.

దాడి మొదలైన వేళను పట్టాలంటే లెక్క కట్టాలి. 1917 నాటి 3:50 ఇప్పటి బెల్జియం వేసవి గడియారంలో 4:50. జులై ఆఖరున అక్కడ సూర్యోదయం 6:10 దాటాకే. అంటే దాడి సూర్యోదయానికి గంటకు పైగా ముందు, దాదాపు చీకట్లో జరిగింది. నారింజ రంగు ఉదయం షాట్ తీసి దాని మీద ‘3:50’ అని వేస్తే అబద్ధమవుతుంది. ఆ చోట దాదాపు నల్లటి ఫ్రేము, దూరాన మబ్బు అంచు మాత్రం ఉంచాం.

సమాధి బూజింగె దగ్గరి ఆర్టిలరీ వుడ్ శ్మశానంలో ఉంది, రెండో ప్లాటు, ఎఫ్ వరుస, 11. అదే రోజు, అదే రంగంలో చనిపోయిన ఐరిష్ కవి ఫ్రాన్సిస్ లెడ్విడ్జ్ అదే ప్లాటులో బి వరుసలో ఉన్నారు. రెండు రాళ్లనూ కలుపుతూ ఒకే ట్రాకింగ్ షాట్ తీయడం సాధ్యమే. చేతి గింబల్, మెత్తని నడక చాలు, గడ్డి మీద పట్టాలు వేయొద్దు. కామన్‌వెల్త్ యుద్ధ సమాధుల కమిషన్‌కు ముందుగా రాసి అనుమతి తీసుకోవాలి. తెల్లరాయి మీద అక్షరాలు మిట్టమధ్యాహ్నం మాయమవుతాయి. సూర్యుడు పక్కకు వచ్చినప్పుడు తీయాలి, జీబ్రా (మితిమీరిన వెలుతురును కెమెరా తెర మీద చారలుగా చూపే గుర్తు) 95 దగ్గర పెట్టుకోవాలి. అక్షరాలు కనపడాలని రాయిని తడపడం, సుద్ద రాయడం ఎవరు చేసినా ఆపాలి.

గొంతు

ఈ సినిమాలో అన్నిటికన్నా ఎక్కువ శ్రద్ధ పడిన పని ఇది. వెల్ష్ ఛందోబద్ధ కవిత్వంలో ‘కంగ్‌హనెద్’ అనే నియమం ఉంటుంది. మన పద్యంలో యతి, ప్రాస ఫలానా స్థానంలో పడితే చాలు. అక్కడ పాదం పొడవునా హల్లుల వరుస ఒక లెక్కలో తిరిగి రావాలి. ఒక మిత్రుడి మరణం మీద హేద్ విన్ రాసిన ఎంగ్లిన్ అనే నాలుగు పాదాల పొట్టి పద్యంలో చివరి పాదం: ‘ఏయ్ డుర్న్ డీర్ అన్ ఏయ్ వాయ్‌డ్ ఓ’. ‘డుర్న్ డీ’లో డ-ర-న-డ. మళ్లీ ‘డీర్ అన్ ఏయ్ వాయ్‌డ్’లో డ-ర-న-డ. మధ్యలోని డ రెండు వరసలకూ చెందుతుంది. అతని రక్తంలో జర్మనీ ఉక్కు పిడికిలి తడిసిందనే మాట, పిడికిలి రెండుసార్లు గుద్దినట్టు వినపడాలి. హల్లులు మసకబారితే కవిత లేదు.

అందుకే చదివే గొంతు ఉత్తరాదిదే కావాలి, వీలైతే త్రౌస్‌వనిద్ ఉన్న మెరియోనెద్ ప్రాంతం యాసది. దక్షిణాది గొంతులో కొన్ని అచ్చులు వేరుగా పలుకుతాయి, ఆ ప్రాంతం వాళ్లు వెంటనే పట్టేస్తారు. రికార్డింగ్ 48 కిలోహెర్ట్జ్, 24 బిట్. మైకు నోటికి 20 సెంటీమీటర్ల దూరంలో, కాస్త పక్కకు. అత్యధిక స్థాయి మైనస్ 12 డీబీ దగ్గర.

ఇక్కడ తప్పు జరిగేది రికార్డింగ్‌లో కాదు, తర్వాత శుభ్రం చేసేటప్పుడు. వెల్ష్‌లో జంట ఎల్ శబ్దం గాలి ఊదినట్టు ఉంటుంది. ఆటోమేటిక్ నాయిస్ రిడక్షన్ దాన్ని రొద అనుకుని కోసేస్తుంది; డీ-ఎస్సర్ (స, ష శబ్దాల పదును తగ్గించే సాధనం) సగం తినేస్తుంది. రెండూ ఆపేసి, గదినే నిశ్శబ్దం చేసుకోవాలి: ఫ్రిజ్ ప్లగ్ తీయాలి, కిటికీకి దళసరి దుప్పటి కట్టాలి. మరీ తప్పకపోతే నాయిస్ రిడక్షన్‌ను మాటల మధ్య ఖాళీల్లోనే, 6 డీబీ మించకుండా వాడొచ్చు. కంప్రెషన్ 2:1 దాటితే పదాల మొదటి హల్లు దెబ్బ చదునైపోతుంది.

సంగీతంగా హార్ప్ వద్దనుకున్నాం. వేల్స్ అనగానే హార్ప్ వేయడం ఎటూ అరిగిపోయిన అలవాటు. పైగా ‘రవెల్’ చివర్లో కవి చెప్పేదే పాత హార్ప్‌లన్నీ విల్లో కొమ్మలకు వేలాడుతున్నాయని, గాలి నిండా కుర్రవాళ్ల కేక, వానలో వాళ్ల నెత్తురు అని. ఆ పాదాల కింద హార్ప్ మోగితే కవితను కొట్టేసినట్టే. వాన చప్పుడు కూడా వేయలేదు. మాటలో ఉన్నది శబ్దంలో మళ్లీ చెప్పనక్కర్లేదు.

ఎడిట్

బర్కెన్‌హెడ్ ఘట్టంలో కలం పేరును మూడుసార్లు పిలిచే గొంతు ఉంది, మధ్యలో ఖాళీలు. మొదటి కట్‌లో ఆ ఖాళీలు పూర్తి డిజిటల్ నిశ్శబ్దం. ఫోన్లో చూసినవాళ్లు సౌండు పోయిందనుకుని వాల్యూమ్ పెంచేస్తారు. ఇప్పుడు మైనస్ 55 డీబీ దగ్గర గది శబ్దం నడుస్తోంది. ప్రతిధ్వని విషయంలో సాఫ్ట్‌వేర్‌లోని ‘హాల్’, ‘కేథడ్రల్’ ప్రీసెట్లు రెండూ తప్పు: ఉత్సవం జరిగింది బర్కెన్‌హెడ్ పార్కులో వేసిన తాత్కాలిక మండపంలో, రాతి కట్టడంలో కాదు. 0.8 సెకన్ల పొట్టి ప్రతిధ్వని చాలు. సభలో ప్రధాని లాయిడ్ జార్జ్ ఉన్నారన్న సంగతి వ్యాఖ్యానం నుంచి తీసేశాం. నిజమే, కానీ ఆ క్షణంలో చూపు ఆయన మీదకు పోతుంది.

తెలుగు సబ్‌టైటిళ్లు: ఒక కవితా పాదానికి ఒక వరుస, రెండు వరుసలకు మించొద్దు. తెలుగులో పై వరుస ఒత్తులు, కింది వరుస గుడులు ఢీకొంటాయి. వరుసల మధ్య దూరం 135 శాతం పెడితే విడిపోతాయి. ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ అడోబీ ప్రీమియర్‌లో టెక్స్ట్ ఇంజిన్‌ను దక్షిణాసియా భాషలకు మార్చకపోతే ఒత్తులు పక్కకు జారి విడివిడిగా పడతాయి. ఎస్‌ఆర్‌టీ ఫైలు యూటీఎఫ్-8లోనే సేవ్ చేయాలి. వెల్ష్ పేర్ల టైటిళ్లకు ఫాంట్ ఎంచేటప్పుడు డబ్ల్యూ, వై అక్షరాల మీద టోపీ గుర్తు ఉందో లేదో ముందే టైపు చేసి చూడాలి. చాలా అలంకార ఫాంట్లలో ఉండదు, ఆ ఒక్క అక్షరం వేరే ఫాంట్‌లో వచ్చి టైటిల్ కుంటుతుంది.

మిగిలిన పని వరుస: ఫొటోల అనుమతి, పిక్చర్ లాక్, కలర్ (ముందు కుర్చీ, తర్వాత సమాధిరాళ్లు, చివర కొండలు), తర్వాత మిక్స్. ప్రసారానికి మైనస్ 23 ఎల్‌యూఎఫ్‌ఎస్ (వినపడే శబ్ద స్థాయి కొలత), వెబ్‌కు మైనస్ 16, రెండూ వేర్వేరు ఎగుమతులు. వెబ్ కాపీని లిమిటర్‌తో పైకి నెట్టొద్దు. శబ్దం పెంచుకోవాలంటే వ్యాఖ్యానం నుంచి పెంచుకోవాలి, కవిత ట్రాకును కదపొద్దు. ఆ తర్వాత వెల్ష్ మాతృభాషగా ఉన్న ఒకరు కళ్లు మూసుకుని ఒకసారి, సబ్‌టైటిళ్లు చదువుతూ ఒకసారి మొత్తం వినాలి. వాళ్ల సవరణలు వచ్చాకే తెలుగు టైమింగ్ మొదలుపెడతాం.